ఇల్లే బడి అయితే... ఎవరి ఇల్లు?

- బి.ఎస్సీ. తృతీయ సంవత్సరం విద్యార్థి

దిల్‌సుఖ్‌నగర్ గురించి మన కాలేజీ మిత్రులకి కొత్తగా చెప్పవలసిందేమీ లేదు. మనలో చాలామందిమి ఏదో ఒక సంవత్సరం అక్కడి హాస్టల్లో, నలుగురి కోసం వేసిన గదిలో ఆరుగురం సర్దుకుని పడుకున్నవాళ్లమే. మెట్రో స్టేషను మెట్లు దిగితే చాలు, తల పైకెత్తిన ప్రతిచోటా కోచింగు బోర్డులే. బ్యాంకు పరీక్షలు, గ్రూప్సు, కానిస్టేబులు, సాఫ్ట్‌వేరు. తెల్లారి ఐదున్నరకే టిఫిను బండి దగ్గర ఒక చేతిలో ఇడ్లీ పొట్లం, ఇంకో చేతిలో నోట్సు పట్టుకుని నిలబడ్డ పిల్లలు కనిపిస్తారు. అక్కణ్ణుంచి చైతన్యపురి, విక్టోరియా మెమోరియల్ దాటి ఎల్బీనగర్ చౌరస్తా దాకా వున్న రోడ్డంతా చదువు అమ్మే అంగళ్ల వరసే.

అలాంటి రోడ్డు పక్క సందులో, పిల్లవాణ్ణి ఏ బడికీ పంపని ఇల్లొకటి వుందంటే మీరు నమ్ముతారా? ఆ ఇంటికి పాఠం చెప్పటానికి వెళ్లేదాకా నేనూ నమ్మలేదు.

గదద్దె కోసం ట్యూషన్లు వెతుక్కుంటున్న రోజుల్లో, మా హాస్టల్లో వుండే ఒక అన్న నన్ను చైతన్యపురిలో ఒక అపార్టుమెంటుకి పంపించాడు. పన్నెండేళ్ల అబ్బాయి. వారానికి నాలుగు సాయంత్రాలు లెక్కలూ సైన్సూ చెప్పాలి. మొదటి రోజు అలవాటు ప్రకారం "ఏ స్కూలు తమ్ముడూ?" అని అడిగాను. "స్కూల్ లేదన్నా, ఇంట్లోనే" అన్నాడు. పిల్లవాడికి ఏదో జబ్బు కాబోలు అనుకుని, ఇంక ఆ మాట ఎత్తలేదు. వారం గడిచాక వాళ్లమ్మగారే చెప్పారు. నాలుగో తరగతి దాకా పేరున్న బడికే పంపించారట. ఆదివారం సాయంత్రం అయ్యేసరికి పిల్లవాడికి కడుపునొప్పి వచ్చేదట. సోమవారం పొద్దున వాంతులు. డాక్టర్లు చూసి కడుపులో ఏమీ లేదన్నారు. ఆవిడ జూనియర్ కాలేజీలో లెక్చరరు. భర్తది సాఫ్ట్‌వేరు వుద్యోగం, వారంలో మూడు రోజులు ఇంటినుంచే పని. ఇద్దరూ ఆలోచించుకుని పిల్లవాణ్ణి బడి మాన్పించారు. ఆవిడ వుద్యోగం మానేశారు.

వనస్థలిపురం, నాగోలు, ఎల్బీనగర్ వైపు ఇలాంటి కుటుంబాలు మరికొన్ని వున్నాయి. నెలకొకసారి ఏదో ఒక పార్కులో కలుసుకుంటారు. ఒక ఆదివారం నన్ను కూడా తీసుకువెళ్లారు. బడి మానటం ఒకటే అయినా, మానిన కారణాలు ఎన్ని రకాలో ఆ రోజు తెలిసింది. బడి భయపెట్టిన పిల్లలు కొందరు. చదరంగం, ఈత వంటి ఆటల్లో పొద్దంతా సాధన చేయవలసినవాళ్లు కొందరు. అమెరికాలో కొన్నేళ్లుండి తిరిగొచ్చి, ఇక్కడి హోంవర్కులకి బెదిరిపోయినవాళ్లు ఇంకొందరు. ఎల్బీనగర్ నుంచి వచ్చిన ఒక తల్లి మాట మాత్రం నా మనసులో నిలిచిపోయింది. ఆవిడ కూతురు ఆలస్యంగా మాట్లాడుతుంది, గట్టి శబ్దం వింటే చెవులు మూసుకుంటుంది. నాలుగు బడులు తిరిగారట. "మేము బడి మానలేదు నాయనా, బళ్లే మమ్మల్ని వద్దన్నాయి" అన్నారావిడ.

ఇక తొందరగా ఎదగాలనుకునే కుటుంబాలు కూడా వున్నాయి. మన కాచిగూడలోనే దీనికి పేరుమోసిన వుదాహరణ వుంది. టేబుల్ టెన్నిస్ క్రీడాకారిణి నైనా జైస్వాల్ ఇంట్లో చదువుకునే ఎనిమిదో ఏట పదో తరగతి పూర్తిచేసింది. తమ్ముడు అగస్త్య జైస్వాల్ 2015లో తొమ్మిదో ఏట పదో తరగతి, 2020లో పద్నాలుగో ఏట డిగ్రీ పూర్తిచేశాడు. ఢిల్లీకి చెందిన సహల్ కౌశిక్ ఇంట్లో చదువుకుని 2010లో పద్నాలుగో ఏట ఐ.ఐ.టి. ప్రవేశ పరీక్షలో 33వ ర్యాంకు తెచ్చుకున్నాడు. ముంబయి అమ్మాయి మాళవికా జోషి పదో తరగతి సర్టిఫికెట్టు లేకుండానే, ఇన్ఫర్మాటిక్స్ ఒలింపియాడ్ పతకాలతో 2016లో అమెరికాలోని ఎం.ఐ.టి.లో చేరింది. పత్రికలు ఇలాంటివాటినే అచ్చువేస్తాయి కాబట్టి, ఇంటి చదువంటే మేధావులని తయారుచేసే యంత్రమని మనం అనుకుంటాం. నేను చూసిన కుటుంబాలలో అటువంటి ఆరాటం తక్కువ. పిల్లవాడు కడుపునొప్పి లేకుండా సోమవారం నిద్రలేస్తే చాలన్నదే ఎక్కువమంది కోరిక.

ప్రపంచంలో ఇది కొత్త సంగతి కాదు. 1964లో పిల్లలు ఎందుకు తప్పుతున్నారనే విషయం మీద పుస్తకం రాసిన జాన్ హోల్ట్ అనే అమెరికా ఉపాధ్యాయుడు, బళ్లు బాగుపడతాయన్న ఆశ వదులుకుని, 1977లో ఇంటి చదువుల కుటుంబాల కోసం ఒక పత్రికే పెట్టాడు. కరోనా వచ్చిన 2020లో ఆ దేశపు జనాభా లెక్కల శాఖ విచారిస్తే, బడి యీడు పిల్లలున్న ఇళ్లలో ఇంటి చదువు చెప్పేవి వేసవి ముందు 5.4 శాతం వుంటే, శరదృతువు నాటికి 11.1 శాతమైనాయి. దీనికి పూర్తిగా ఎదురు జర్మనీ. అక్కడ పిల్లల్ని బడికి పంపి తీరాలి. పంపని తల్లిదండ్రుల మీద ప్రభుత్వం తీసుకున్న చర్య సబబేనని యూరపు మానవ హక్కుల న్యాయస్థానం 2019లో తీర్పు చెప్పింది.

మరి మన దేశంలో? ఈ విషయంలో మన రాష్ట్రం పేరే చరిత్రకెక్కింది. 1993లో ఉన్నికృష్ణన్‌కీ ఆంధ్రప్రదేశ్ రాష్ట్రానికీ మధ్య జరిగిన కేసులోనే, పద్నాలుగేళ్ల లోపు పిల్లలకి విద్య ప్రాథమిక హక్కని సుప్రీంకోర్టు చెప్పింది. 2002లో రాజ్యాంగ సవరణ జరిగింది. 2009లో విద్యాహక్కు చట్టం వచ్చి, 2010 ఏప్రిల్ 1 నుంచి అమలైంది. ఆరు నుంచి పద్నాలుగేళ్ల పిల్లలకి వుచిత, నిర్బంధ విద్య అన్నారు. ఆ నిర్బంధం తల్లిదండ్రుల మీద కాదు, ప్రభుత్వం మీద అని చట్టంలోనే వివరణ వుంది. పిల్లల్ని బళ్లో చేర్చటం తల్లిదండ్రుల కర్తవ్యమని రాశారుగాని, చేర్చకపోతే శిక్ష ఏదీ రాయలేదు. ఇంట్లో చదువు చెప్పటం మాటేమిటన్నది మామూలు పిల్లల విషయంలో ఆ చట్టం ఎత్తనే లేదు. 2012 సవరణలో మాత్రం, తీవ్ర వైకల్యం, బహుళ వైకల్యం వున్న పిల్లలు ఇంటి దగ్గరే విద్య కోరవచ్చునని చేర్చారు. సర్టిఫికెట్టు కోసం సార్వత్రిక విద్య వుండనే వుంది. 1989లో మొదలైన జాతీయ ఓపెన్ స్కూలు, మన రాష్ట్ర ఓపెన్ స్కూలు, రెండూ పద్నాలుగేళ్లు నిండినవాళ్లని పదో తరగతి పరీక్షకి తీసుకుంటాయి. చైతన్యపురి అబ్బాయి కూడా ఇంకో రెండేళ్లకి ఆ దారినే వెళ్తాడు.

ఇంతవరకూ చదివిన మిత్రులు, "ఏదో డబ్బున్నవాళ్ల సరదా, మనకెందుకు?" అని పేజీ తిప్పబోతారేమో. నేనూ మొదట్లో అలాగే అనుకున్నాను. నా అభిప్రాయం మార్చింది ఒక కర్ర.

ఆ పిల్లవాడు డాబా మీద ఒక మీటరు కర్ర నిలబెట్టి, డిసెంబరు నుంచి ప్రతి ఆదివారం మిట్టమధ్యాహ్నం దాని నీడ కొలుస్తున్నాడు. డిసెంబరు మూడో వారంలో నీడ దగ్గర దగ్గర 86 సెంటీమీటర్లు. జనవరిలో తగ్గింది. మార్చి మూడో వారానికి 31కి వచ్చింది. "ఇంకా తగ్గుతూ పోతే ఏమవుతుందన్నా?" అని అడిగాడు. మే 9న సూర్యుడు సరిగ్గా హైదరాబాదు నడినెత్తికి వస్తాడు, ఆ మధ్యాహ్నం నిటారు కర్రకి నీడే వుండదు. ఈ సంగతి నేను చెప్పలేదు. తనే గ్రాఫు కాగితం మీద గీత పొడిగించి, మే రెండో వారం దగ్గర వేలు పెట్టాడు. మిత్రులారా, భూమి అక్షం 23.5 డిగ్రీలు వాలి వుంటుందని పరీక్షల్లో నేను ఎన్నిసార్లు రాసి వుంటానో! మార్కులూ వచ్చాయి. కాని ఒక్కసారైనా కర్ర పాతి నీడ కొలవలేదు.

కొలిచే తీరిక ఎవరిచ్చారు కనుక? నా ఇంటరు చదువు ఎల్బీనగర్ దగ్గర ఒక హాస్టలు కాలేజీలో. పొద్దున్నే ఆరింటికి స్టడీ అవరు, రాత్రి పదింటికి స్టడీ అవరు. కిటికీలకి జాలీలు. ఆదివారం పరీక్ష. నెలకొకసారి మా నాయన వస్తే గేటు దగ్గర పావుగంట మాట్లాడనిచ్చేవారు. పత్తి అమ్మిన డబ్బులు ఫీజు కౌంటరులో లెక్కపెట్టి, రసీదు నాలుగు మడతలు పెట్టి జేబులో పెట్టుకుని పోయేవాడు. ఆ రెండేళ్లలో వారానికొక ర్యాంకు తప్ప నాకు నేనుగా వేసిన ప్రశ్న ఒక్కటి కూడా గుర్తులేదు. కనుక ఆ అబ్బాయి తల్లిదండ్రులు బడి మీద వేసిన నేరాన్ని నేను తోసిపుచ్చలేను. వాళ్లు చెప్పింది నిజం. దిల్‌సుఖ్‌నగర్ బోర్డుల కింద నడిచే ప్రతి విద్యార్థికీ తెలిసిన నిజం.

అయితే ఇక్కడే ఆగిపోతే నేను నిజాయితీగా రాసినట్టు కాదు. నాకొక చెల్లెలుంది.

మా వూరు నల్గొండ జిల్లాలో వుంది. ఎల్బీనగర్ దగ్గర దేవరకొండ బస్సెక్కితే, ఇబ్రహీంపట్నం, మాల్ దాటాక వస్తుంది. నాలుగెకరాల చెలక. వాన పడితే పత్తి, లేకపోతే లేదు. 2020 మార్చిలో బళ్లు మూసేశారు. సెప్టెంబరు 1 నుంచి దూరదర్శన్ యాదగిరిలోను, టీ-శాట్‌లోను పాఠాలన్నారు. ఆ తర్వాత ఫోన్లలో అన్నారు. మా ఇంట్లో ఫోను ఒక్కటే. నేను పదో తరగతి, చెల్లె ఎనిమిది. "పెద్దోడు, పదో తరగతి, వానికియ్యిర్రి" అన్నది అమ్మ. ఫోను నాకు వచ్చింది. చెల్లె కొన్నాళ్లు నా భుజం మీదనుంచి తొంగిచూసింది. తన పాఠం వచ్చే సమయానికి నా పాఠం వుండేది. దసరా దాటినంక పత్తి ఏరటానికి అమ్మతో పోవటం మొదలుపెట్టింది.

మా బ్యాచి అదృష్టమేమిటంటే, 2021లో పరీక్ష రాయకుండానే అందరం పదో తరగతి పాసైనాం. నేను పాఠం విన్న ఫోనుకి వచ్చిన ఫలితం అది. అదే సంవత్సరం సెప్టెంబరు 1న బళ్లు తెరిచారు. అప్పటికి నాయనమ్మ మంచాన పడ్డది. ఇంటి దగ్గర ఒక మనిషి వుండాలె. నేను హాస్టల్లో చేరటానికి పట్నం బస్సెక్కిన వారమే, చెల్లె బడికి పోనని చెప్పింది. "అదే పోనన్నది బిడ్డా, మేం ఆపలే" అని అమ్మ ఇప్పటికీ అంటుంది. అప్పటికి చెల్లెకి పద్నాలుగేళ్లు నిండాయి. చట్టం చూసుకునే వయసు కూడా సరిగ్గా అక్కడితో అయిపోతుంది.

ఎవరైనా సర్వే కాగితం పట్టుకుని వచ్చి అడిగితే, చైతన్యపురి అబ్బాయి గురించీ మా చెల్లె గురించీ ఒకే మాట రాయాలి: బళ్లో లేరు, ఇంటి దగ్గర వున్నారు. ఇద్దరికీ చివరికి మిగిలిన దారీ ఒకటే, ఓపెన్ స్కూలు. కాని ఒక ఇంట్లో బడి మానటం వల్ల పిల్లవాడికి పొద్దంతా దొరికింది. ఇంకో ఇంట్లో పిల్ల పొద్దంతా పోయింది.

కాబట్టి నా మనవి ఇది. ఇంటి చదువు మంచిదా, చెడ్డదా అన్నది సగం ప్రశ్న మాత్రమే. ఆ ఇంట్లో పిల్లకి గంటలు ఇచ్చేదెవరు, పిల్ల గంటలు తీసుకునేదెవరు అన్నది మిగతా సగం. ఇల్లు బడి కావాలంటే అక్కడ చదువుకున్న మనిషొకరు, తీరిక వున్న మనిషొకరు వుండాలి. రెండూ కలిసిన మనిషి ఒక జీతం వదులుకుని కూర్చుంటేగాని దొరకరు. మాళవికా జోషి తల్లి కూడా వుద్యోగం మానుకునే చదువు చెప్పింది. చైతన్యపురి మేడమ్ ఒకనాడు టీ ఇస్తూ నవ్వుతూనే అన్నారు: "సెలవుల్లేని కొలువు బాబూ ఇది. కాలేజీలో అయితే నెల తిరిగేసరికి జీతమన్నా వచ్చేది." ఇంటి చదువుని మెచ్చుకునేవారు పిల్లల ర్యాంకులు లెక్కపెడతారుగాని, ఈ వదులుకున్న జీతాన్ని ఎవరూ లెక్కలో వేయరు. అది దాదాపు ఎప్పుడూ తల్లి జీతమే కావటం కూడా ఎవరూ గమనించరు. ఇక మా అమ్మ సంగతి సరేసరి. వేలిముద్ర వేస్తుంది. కార్తెలన్నీ నోటికి వచ్చు. మృగశిర ఎప్పుడు చొచ్చేదీ, ఏ విత్తు ఎప్పుడు పడాల్సిందీ పంచాంగం చూడకుండా చెబుతుంది. కాని ఎనిమిదో తరగతి బీజగణితం చెప్పమంటే ఎక్కణ్ణుంచి తెస్తుంది?

బడి అంటే పాఠం ఒక్కటే కాదని కూడా నా అనుభవం. మా వూరి జిల్లా పరిషత్ హైస్కూల్లో అన్ని వాడల పిల్లలం ఒకే వరసలో కూర్చుని మధ్యాహ్న భోజనం తిన్నాం. మా తాత ఆ దృశ్యం చూసి వుంటే నమ్మేవాడు కాదు. వూళ్లో అలాంటి వరస ఇంకెక్కడా లేదు, గుడి దగ్గర కూడా లేదు. చైతన్యపురి అబ్బాయి నన్ను తరచు అడిగే ప్రశ్న సైన్సుది కాదు: "అన్నా, మీ క్లాసులో ఎంతమంది వుండేవాళ్లు? లంచ్ టైములో ఏం చేసేవాళ్లు?" సాయంత్రం బంతి పట్టుకుని కిందికి దిగితే ఆడటానికి ఎవరూ వుండరు. మిగతా పిల్లలు బడినుంచి ట్యూషనుకి, ట్యూషనునుంచి ఇంటికి చేరేసరికి రాత్రి ఎనిమిది. తల్లిదండ్రులు ఎంత ప్రేమగలవాళ్లయినా పక్క బెంచీ మిత్రుణ్ణి తయారుచేసి ఇవ్వలేరు.

ఎల్బీనగర్ వున్న రంగారెడ్డి జిల్లాకే ఈ విషయంలో ఒక గొప్ప చరిత్ర వుంది. 1990ల మొదట్లో మామిడిపూడి వెంకటరంగయ్య ఫౌండేషన్ ఈ జిల్లా పల్లెల్లో జీతాలకున్న పిల్లల్నీ, పత్తి చేలల్లో పనిచేసే ఆడపిల్లల్నీ శిబిరాలకి తెచ్చి, అక్షరాలు నేర్పి బళ్లలో చేర్పించింది. దానికి నాయకత్వం వహించిన ప్రొఫెసర్ శాంతా సిన్హాకి 2003లో రామన్ మెగసెసే అవార్డు వచ్చింది. బడి బయట వున్న ప్రతి పిల్లా బాల కార్మికురాలే అన్నది వాళ్ల సూత్రం. చైతన్యపురి ఇంటికి ఈ సూత్రం సరిపడదు, నిజమే. అక్కడ పిల్లవాడు కార్మికుడు కాడు, కర్ర పాతి నీడ కొలిచే చిన్న శాస్త్రజ్ఞుడు. కాని ఆ ఒక్క ఇంటి కోసం సూత్రాన్ని సడలిస్తే ఏమవుతుందో మా వూళ్లో నాకు తెలుసు. "ఇంట్లో చదువుకుంటుంది" అన్న మాటకి చట్టం తలవూపిన మరునాడే, ఆ మాట చెప్పి మొదట ఆపేది ఆడపిల్లలనే. అందుకే బడి గేటు పూర్తిగా తెరిచిపెట్టి, ఎవరిష్టం వాళ్లదని చెప్పే స్వేచ్ఛావాదులతో నేను ఏకీభవించలేను. జర్మనీలాగా తాళం వెయ్యమనీ అనలేను, ఎందుకంటే ఆ సోమవారం కడుపునొప్పి నేను ఎరిగినదే.

మరి ఇల్లు బడి అయిన సందర్భాలు మన తెలుగువాళ్లలో లేవా అంటే, వున్నాయి. 1874లో పుట్టిన భండారు అచ్చమాంబకి పదో ఏటే పెళ్లయింది. బడి మెట్లెక్కలేదు. తమ్ముడు కొమర్రాజు లక్ష్మణరావు నాగపూరులో అక్కగారింట వుండి చదువుకుంటూ, తాను నేర్చిన చదువు ఆమెకి నేర్పాడు. ఆమె 'అబలా సచ్చరిత్ర రత్నమాల' రాసింది, 1902లో 'ధనత్రయోదశి' కథ రాసింది. 1901లో హైదరాబాదులో శ్రీకృష్ణదేవరాయాంధ్ర భాషానిలయం స్థాపించినవారిలో ఆ తమ్ముడు ముఖ్యుడు. సుల్తాను బజారులో ఆ గ్రంథాలయం ముందునుంచి నేను ఎన్నోసార్లు నడిచాను. బడికి పోయిన తమ్ముడు బడికి పోలేని అక్కకి చెయ్యగలిగింది ఆయన చేశాడు. బడికి పోయిన అన్ననైన నేను ఒక్క ఫోను కూడా సగం పంచలేదు.

ఆలస్యంగానైనా మొదలుపెట్టాను. రెండేళ్ల కిందట చెల్లె పేరు ఓపెన్ స్కూల్లో రాయించాను. రాత్రి ఎనిమిదిన్నరకి, వంటపని అయినంక, ఫోను చేస్తుంది. తెలుగు, సాంఘికం గట్టెక్కాయి. సైన్సు దగ్గర ఆగింది. పుస్తకంలో బొమ్మలు చూసి రాయటమే తప్ప, పరీక్షనాళిక చేత్తో పట్టుకున్నది లేదు. ఈ ఏడాది వేసవిలో చైతన్యపురి అబ్బాయి కర్ర సంగతి చెప్పి, నువ్వూ కొలువు అన్నాను. నవ్వింది. "నీడ గురించి నాకు చెప్తవా అన్నా? నీడ కాళ్ల కిందికొస్తే సద్ది మూట ఇప్పుతం. చేన్ల గడియారం అదే గద" అన్నది. అయినా వాకిట్లో కర్ర పాతింది. మే 7, 8 తారీఖుల్లో మధ్యాహ్నం నీడ కనబడలేదట. 9వ తారీఖుకి దక్షిణం దిక్కుకి ఒక్క సెంటీమీటరు కూడా లేని సన్నటి నీడ వచ్చిందట. చైతన్యపురిలో నీడ పోయింది 9న. "అక్కడ ముందెందుకు పోయిందన్నా?" అని అబ్బాయి, "అక్కడ ఎన్కకెందుకు పోయింది?" అని చెల్లె, ఇద్దరూ నన్నడిగారు. మా వూరు హైదరాబాదుకి దక్షిణాన వుంది కదా, ఉత్తరానికి వస్తున్న సూర్యుడు మా వూరి నెత్తిమీదికి ముందు వస్తాడు. రెండువేల రెండు వందల ఏళ్ల కిందట ఎరటోస్తనీస్ ఈజిప్టులో రెండు వూళ్ల నీడల తేడాతోనే భూమి చుట్టుకొలత లెక్కవేశాడని ఇద్దరికీ చెప్పాను. నా డిగ్రీ చదువులో నాకు నిజంగా అర్థమైన పాఠం అదొకటి.

దీన్నిబట్టి పత్తి చేను కూడా బడేనని ఎవరైనా అంటే నేను ఒప్పుకోను. చేనులో నీడ తెలుస్తుంది. నీడ వెనక లెక్క తెలియాలంటే పలకా, తీరికా, చెప్పే మనిషీ కావాలి.

కనుక నాకు తోచిన మార్గం చెబుతాను. పెద్దలు తప్పులుంటే దిద్దాలి. ఇంట్లో చదివించే హక్కు తల్లిదండ్రులకి వుండనివ్వండి. కాని అలా చదివే ప్రతి బిడ్డ పేరూ దగ్గరలోని ప్రభుత్వ పాఠశాల రిజిస్టరులో వుండాలి. ఏడాదికి రెండుసార్లు ఒక ఉపాధ్యాయుడో ఉపాధ్యాయురాలో ఆ ఇంటికి వెళ్లాలి. పరీక్ష పెట్టటానికి కాదు, బిడ్డతో ఒక పూట కూర్చోటానికి. ఈ నెలలో ఏం చదివావు, ఎవరితో ఆడావు, రోజుకి ఎన్ని గంటలు పనిచేశావు అని అడగటానికి. తీవ్ర వైకల్యమున్న పిల్లల కోసం భవిత కేంద్రాల ఉపాధ్యాయులు ఇప్పటికే ఇళ్లకి వెళ్తున్నారు కాబట్టి, ఇది అసాధ్యమైన సంగతేమీ కాదు. పద్నాలుగేళ్లు నిండాయని ఆ రిజిస్టరులో పేరు కొట్టెయ్యకూడదు, పదో తరగతి అయ్యేదాకా వుండాలి.

ఈ మాట అంటే చైతన్యపురి మేడమ్ కొంచెం నొచ్చుకున్నారు. "మళ్లీ ఇన్‌స్పెక్టర్ల రాజ్యమేనా బాబూ? ఆ బాధ తప్పించుకోవటానికే కదా మేము బయటికి వచ్చింది" అన్నారు. న్యాయమైన మాటే. నేనిచ్చిన జవాబు ఇది: "మీ ఇంటికి రాకుండా మా ఇంటికి మాత్రమే రమ్మని చట్టం రాయటం కుదరదు కదా మేడమ్." ఆవిడ కాసేపు మాట్లాడలేదు. తర్వాత, "మీ చెల్లెలి సైన్సు పుస్తకం ఒకసారి పట్టుకురా" అన్నారు. ఇప్పుడు వారానికొకనాడు ఆవిడే ఫోనులో చెల్లెకి లెక్కలు చెబుతున్నారు.

చట్టాలు రావటానికి కాలం పడుతుంది. ఈలోగా మన చేతిలో వున్న పని ఒకటుంది. మన కాలేజీ ల్యాబులు ఆదివారాలు తాళాలు వేసే వుంటాయి. ఓపెన్ స్కూల్లో పదో తరగతి కట్టిన పిల్లలకి, వాళ్లు అపార్టుమెంటునుంచి వచ్చినా, పత్తి చేనునుంచి వచ్చినా, నెలకి రెండు ఆదివారాలు ఆ తాళాలు తీయించమని విద్యార్థి సంఘాన్నీ, మన లెక్చరర్లనీ వేడుకుంటున్నాను. చెప్పటానికి మనం వున్నాం. పూర్వ విద్యార్థులు బస్సు ఛార్జీలకీ మధ్యాహ్న భోజనానికీ తలా ఒక చెయ్యి వేస్తే చాలు. ఒకే బల్ల దగ్గర ఆ రెండు రకాల పిల్లలూ కలిసి కూర్చుంటే, చైతన్యపురి అబ్బాయికి పక్క బెంచీ మిత్రులు దొరుకుతారు, మా చెల్లెలాంటివాళ్లకి పరీక్షనాళిక దొరుకుతుంది.

చెల్లెకి ఇంకా మిగిలినవి లెక్కలు, సైన్సు. మన ల్యాబు తలుపు తెరుస్తామనండి. మొదటి ఆదివారం పొద్దున ఎల్బీనగర్‌లో దేవరకొండ బస్సు దగ్గర నిలబడి, ఆమెని మెట్రో ఎక్కించుకుని తీసుకువచ్చే పూచీ నాది.